ఆ లెక్కలో మీరెక్కడ?

ప్రశ్న: నాకు 33 ఏళ్లు. పెళ్లి కాలేదు. ఒంగోలులో ఒక ప్రైవేటు సంస్థలో అకౌంట్లు చూస్తాను. నెలకు 38 వేలు వస్తాయి. అందులో 12 వేలు హైదరాబాదు అశోక్‌నగర్‌లో గది తీసుకుని సివిల్స్‌కు చదువుతున్న తమ్ముడికి, 9 వేలు చెల్లెలి పెళ్లికి చేసిన అప్పు వాయిదాకు, 3 వేలు నాన్న గుండె మందులకు, నానమ్మ మందులకు పోతాయి. మిగిలిన దానితో ఇల్లు నడుస్తుంది. అప్పు ఇంకా 14 నెలలు కట్టాలి. తమ్ముడి వచ్చే ప్రయత్నానికని నేను వేసిన చీటీ వచ్చే నెల ముగుస్తుంది, కమీషను పోగా రెండు లక్షలు చేతికొస్తాయి.

మూడేళ్లుగా ఆదివారాలు వినికిడి లేని పిల్లల బడికి వెళ్తున్నాను. అక్కడ పిల్లలు నాకు ఒక సంజ్ఞ పేరు పెట్టారు: నుదుట బొట్టు దగ్గర వేలు పెట్టి తిప్పితే అది నేను. అలాంటి పిల్లలకు పాఠాలు చెప్పే రెండేళ్ల డిప్లొమాలో ఇప్పుడు సీటు వచ్చింది. విశాఖపట్నంలో ఉండి చదవాలి, ఉద్యోగం మానాలి. ఇంట్లో చెబితే తమ్ముడు తన ఎథిక్స్ పేపరు నోట్సు తీసి, "ఎక్కువమందికి ఎక్కువ సంతోషం ఇచ్చేదే మంచి పని అని బెంథామ్ చెప్పాడక్కా. ఇక్కడ మేం ఐదుగురం, నువ్వు ఒక్కదానివి" అన్నాడు. నాన్న, "కులం కోసం ఒకరిని వదులుకోవచ్చని విదురుడే అన్నాడమ్మా" అన్నారు. నేను బదులు చెప్పలేకపోయాను. ఎందుకంటే ఆ సూత్రం నాకు కూడా నిజమే అనిపిస్తుంది. కానీ ఇదివరకు జీతం పడిన రోజు తృప్తిగా ఉండేది, రెండేళ్లుగా ఏమీ అనిపించడం లేదు. నా సంతోషం నేను కోరుకోవడం స్వార్థమా? వెళ్తే నాన్న నాతో మాట్లాడరేమోనని భయం.

సమాధానం:

మీ ఉత్తరంలో "ఆ సూత్రం నాకు కూడా నిజమే అనిపిస్తుంది" అన్న మాట దగ్గర చాలాసేపు ఆగిపోయాను. ఇంటి ఒత్తిడి నుంచి ఎలా బయటపడాలని అడిగే ఉత్తరాలు నాకు చాలా వస్తాయి. మీరు న్యాయం ఏమిటని అడిగారు. అందుకే ఆ సూత్రాన్ని పక్కన పడేసి మీకు ఓదార్పు చెప్పడం నాకు ఇష్టం లేదు. మీరు నమ్మినదాన్నే ముందు పెట్టుకుని అది అసలు ఏమంటుందో చూద్దాం.

జెరెమీ బెంథామ్ అనే ఆంగ్ల తత్వవేత్త 1748లో లండన్‌లో పుట్టాడు. అతని జీవితకాలంలో ఇంగ్లండు చట్టంలో ఉరిశిక్ష పడే నేరాలు 200 దాటాయి. జేబు కొట్టినా, దుకాణంలో ఐదు షిల్లింగుల సరుకు ఎత్తుకుపోయినా ఉరే. ఇంత శిక్ష ఎందుకని అడిగితే, ఎప్పటినుంచో ఉన్నదే కదా అని జవాబు. బెంథామ్ ప్రతి చట్టాన్నీ, ప్రతి ఆచారాన్నీ ఒకే ప్రశ్నతో నిలదీశాడు: దీనివల్ల బాధ ఎవరికి, ఆ బాధకు తగిన మేలు ఎవరికైనా జరుగుతోందా? 1789లో వెలువడిన అతని గ్రంథంలో జంతువుల గురించి ఒక చిన్న అధోజ్ఞాపిక ఉంది. అవి ఆలోచించగలవా, మాట్లాడగలవా అని అడగడం కాదు, అవి బాధపడగలవా అని అడగాలి అంటాడక్కడ. ఆ వాక్యం చదివిన ప్రతిసారీ నాకు గౌరవం పెరుగుతుంది. పంటి నొప్పి జమీందారుకు ఎంతో పాలేరుకూ అంతే. సంతోషానికి నీతిలో చోటు ఉండాలనడానికి ఇంతకంటే బలమైన కారణం నాకు తెలియదు.

అంటే ఆ సూత్రం పుట్టింది గట్టిగా మాట్లాడలేనివాళ్ల బాధను పద్దులోకి ఎక్కించడానికి. మీ ఇంట్లో అదే సూత్రంతో ఆరుగురిలో ఒకరి నోరు మూయించారు. మీ తమ్ముడిని నేను తప్పుపట్టను. సివిల్స్‌లో 2013 నుంచి ఎథిక్స్ పేపరు వచ్చింది, బెంథామ్‌ను రెండు వాక్యాల్లో నేర్చుకుని నూటయాభై పదాల్లో రాయడం ఆ కుర్రవాళ్లకు అలవాటైంది. ఆ రెండు వాక్యాలకు అవతల ఉన్నది ఎవరో ఒకరు చెప్పాలి కదా.

మొదటిది, "ఒక్కొక్కరూ ఒక్కరుగానే లెక్క, ఎవరూ ఒక్కరికంటే ఎక్కువ కాదు" అన్న నియమం. దీన్ని బెంథామ్ మాటగా, అతని బాటలో నడిచిన తత్వవేత్త జాన్ స్టూవర్ట్ మిల్ మనకు అందించాడు. ఇందులో మీరు కూడా ఒకరు. ఐదుగురు ఒకవైపు, మీరు ఒకవైపు అని గీత గీయడంలోనే పొరపాటు జరిగింది. ఇంట్లో ఉన్నది ఆరుగురు, ఆరుగురి బాధా సంతోషమూ ఒకే పద్దులో రాయాలి.

రెండవది, తలలు లెక్కపెట్టడం ఆ కొలతల్లో ఒకటి మాత్రమే. ఒక సుఖాన్నో బాధనో తూచడానికి బెంథామ్ ఏడు కొలతలు చెప్పాడు: ఎంత తీవ్రమైనది, ఎంతకాలం ఉంటుంది, జరుగుతుందన్న నమ్మకం ఎంత, ఎంత దగ్గరలో ఉంది, దాని వెంట మరిన్ని సుఖాలు పుడతాయా, దానిలో బాధ కలిసి ఉందా, చివరగా ఎంతమందికి చెందుతుంది. మీ తమ్ముడు చివరిదాన్ని ఒక్కదాన్నే పట్టుకున్నాడు. మిగతావాటితో తూచి చూడండి. నాన్నగారి మందులు ఆగితే కలిగే బాధ తీవ్రమైనది, దగ్గరిది, తప్పకుండా జరిగేది. ఆ మూడు వేలను ఏ లెక్కలోనూ కదపకూడదు. తమ్ముడికి పంపే 12 వేలతో వచ్చే సంతోషం ఎంత నమ్మకమైనది? ఏటా పది లక్షలమంది దరఖాస్తు పెట్టే పరీక్షలో పోస్టులు ఒక వెయ్యి చుట్టూ ఉంటాయి. అతను చదవకూడదని నేను అనను. కానీ అతని ఆశకూ నాన్నగారి గుండె మాత్రకూ ఒకే బరువు కట్టి "మేం ఐదుగురం" అనేశాడు. చెల్లెలు పెళ్లయి వేరే ఊళ్లో ఉంది, అప్పు తీరిపోతే మీరు విశాఖలో ఉన్నా ఒంగోలులో ఉన్నా ఆమె సంతోషం తగ్గదు. నానమ్మను అడిగారా? ఆమె తరఫున వాళ్లే చెప్పేశారని నా అనుమానం.

ఇక్కడ మా ఇంటి సంగతి ఒకటి చెప్పాలి. మేం నలుగురం. మా అక్క పదవ తరగతి మంచి మార్కులతో పాసై, మా ముగ్గురి చదువుల కోసం బడి మానేసి కుట్టుపని పట్టింది. ముగ్గురం చదువుకున్నాం, ముగ్గురికీ ఉద్యోగాలు వచ్చాయి. ఒకరు మానేస్తే ముగ్గురు బాగుపడ్డారు, లెక్క సరిపోయిందనే అందరం అనుకున్నాం. కాలేజీలో తత్వశాస్త్రం చెప్పే ఉద్యోగం వచ్చి మొదటి జీతం అందుకున్నప్పుడు, అక్కకు మోటారు బిగించిన కొత్త కుట్టుమిషను కొనిపెట్టాను. కాళ్లనొప్పులు తగ్గుతాయని, ఎంతో సంతోషిస్తుందని అనుకున్నాను. ఆమె దాన్ని చేత్తో తడిమి, "ఇంకా కుట్టాలా?" అంది. ఆ రోజు ఉదయమే నేను తరగతిలో బెంథామ్ పాఠం చెప్పి వచ్చాను. అక్కకు ఏం కావాలని మాలో ఒక్కరమూ ఒక్కసారి కూడా అడగలేదని అప్పుడు తెలిసింది. లెక్క కట్టినవాళ్లం మేమే, లాభపడినవాళ్లమూ మేమే. అప్పటినుంచి ఎవరైనా నలుగురి సంతోషం అనగానే, ఈ పద్దు ఎవరి చేతిరాత అని ముందుగా చూస్తాను.

ఇక మీ పక్షాన నేను సులువుగా గెలిపించగల వాదన ఒకటి ఉంది. దాన్ని మీకు ఇవ్వకపోవడానికి కారణం కూడా చెబుతాను. బెంథామ్ లెక్క ఇంటి గడప దగ్గర ఆగదు. ఆ బడిలోని పిల్లల సంతోషం కూడా అందులో పడాలి. డిప్లొమా పూర్తిచేసి మీరు పాతికేళ్లు పాఠాలు చెబితే ఎన్ని వందలమంది పిల్లలు? ఐదుగురు ఎక్కడ, వాళ్లెక్కడ? తమ్ముడు ఒక్క నిమిషంలో ఓడిపోతాడు. కానీ ఆ దారిలో వెళితే ఎక్కడికి చేరతామో విలియం గాడ్విన్ అనే ఆంగ్ల రచయిత 1793లోనే చూపించాడు. మంటల్లో ఇద్దరు చిక్కుకున్నారు, ఒక్కరినే కాపాడగలం. ఒకరు లోకానికి ఎంతో మేలు చేసిన ఆర్చిబిషప్ ఫెనెలాన్, ఇంకొకరు ఆయన ఇంటి దాసి. ఆర్చిబిషప్‌నే కాపాడాలి అన్నాడు గాడ్విన్. ఆ దాసి నీ తల్లే అయితే? అయినా అంతే, "నా" అన్న చిన్న మాటలో ఏ మహిమ ఉందని తీర్పు మారాలి అని అడిగాడు. తరువాత అతను మేరీ వోల్‌స్టన్‌క్రాఫ్ట్‌ను ప్రేమించి పెళ్లి చేసుకున్నాడు. 1797లో ఆమె పురిట్లో జబ్బుపడి చనిపోయింది. 1799లో తన నవలకు రాసిన ముందుమాటలో, ఇంటి మమతల గురించి తాను మునుపు రాసినదాన్ని సవరించుకోవాలని ఒప్పుకున్నాడు. ఆ ఒప్పుకోలు వెనక ఎంత దుఃఖం ఉందో!

వందలమంది పిల్లలను తెచ్చి మిమ్మల్ని గెలిపిస్తే, రేపు ఇంకెవరో వెయ్యిమందిని తెచ్చి మిమ్మల్ని ఓడిస్తారు. రెండుసార్లూ మీరు ఎవరో ఒకరికి ఉపయోగపడే వస్తువుగానే మిగులుతారు. బెర్నార్డ్ విలియమ్స్ అనే ఆంగ్ల తత్వవేత్త 1973లో ఈ సూత్రం మీద చేసిన విమర్శ ఇదే. అందరి కోరికలూ ఒకవైపు నుంచి వచ్చి పడుతుంటే, రెండోవైపు నుంచి తగిన పని బయటికి పంపే కాలువలాంటిది కాదు మనిషి అన్నాడాయన. మనిషికి తనవైన పనులు, తనవైన బంధాలు ఉంటాయి. మొత్తం లెక్క తేలగానే వాటిని వదిలేసి పక్కకు తప్పుకోమంటే ఆ మనిషిని ఆ మనిషి నుంచే వేరుచేసినట్టు అని ఆయన వాదన. కృష్ణా కాలువల కింద బతికినవాళ్లకు ఆ పోలిక బాగా అర్థమవుతుంది. కాలువ పొలాలన్నిటినీ తడుపుతుంది, దానికంటూ ఒక పంట ఉండదు.

జీతం పడిన రోజు ఏమీ అనిపించడం లేదన్నారు. దీని గురించి కాస్త ఎక్కువగా చెప్పాలని ఉంది, ఎందుకంటే ఇది ఈ సూత్రాన్ని అందరికంటే గాఢంగా నమ్మిన మనిషికి జరిగింది. జాన్ స్టూవర్ట్ మిల్ తండ్రి బెంథామ్‌కు ఆప్త మిత్రుడు. కొడుక్కి మూడవ ఏట గ్రీకు, ఎనిమిదవ ఏట లాటిన్ మొదలుపెట్టించి, లోకసుఖం కోసం పనిచేసే మనిషిగా తయారుచేశాడు. పదిహేడేళ్లకే ఆ అబ్బాయి లండన్‌లో ఈస్టిండియా కంపెనీ కార్యాలయంలో గుమాస్తాగా చేరాడు. 1826 శరత్కాలంలో, ఇరవయ్యేళ్ల వయసులో, ఒకరోజు తనను తాను అడిగాడు: నేను లోకంలో రావాలనుకుంటున్న మార్పులన్నీ ఈ క్షణమే వచ్చేస్తే నాకు గొప్ప సంతోషం కలుగుతుందా? లోపలినుంచి స్పష్టంగా "లేదు" అని జవాబు వచ్చింది. బతుకు నిలిచిన పునాదే కూలిపోయిందని ఆత్మకథలో రాసుకున్నాడు. ఆ చలికాలమంతా అలవాటు బలంతో పనులు చేసుకుంటూపోయాడు, ఎవరికీ చెప్పుకోలేదు. మీరు ఈ రెండేళ్లు చేస్తున్నది అదే కదా?

అతన్ని మొదట కదిలించినది ఏమిటో వింటే మీరు ఆశ్చర్యపోతారు. మార్మొంటెల్ అనే ఫ్రెంచి రచయిత జ్ఞాపకాలు చదువుతున్నాడు. అందులో ఆ రచయిత తండ్రి చనిపోయాడు, ఇల్లంతా దిక్కులేనిదైంది. పసివాడైన కొడుకు, మీరు పోగొట్టుకున్నదంతా నేనై మిమ్మల్ని చూసుకుంటాను అని ఇంటివాళ్లతో అంటాడు. అది చదివి మిల్ ఏడ్చాడు. నేను ఇంకా రాయిని కాలేదు అని తెలిసి గుండె బరువు తగ్గిందట. చూడండి, అది ఇంటి బరువు ఎత్తుకున్న పిల్లవాడి కథే, మీ కథే. బరువు మోయడంవల్ల మనసు మొద్దుబారదు. ఆ అబ్బాయి తనంతట తాను ఎత్తుకున్నాడు. మీరు కూడా మొదట్లో అలాగే ఎత్తుకున్నారని, అందుకే జీతం రోజు తృప్తిగా ఉండేదని నాకు అనిపిస్తోంది. ఎప్పుడో ఒకనాడు అది మీరు ఇచ్చేది కాకుండా పోయి, వాళ్లకు రావలసినదిగా మారింది. మారిన రోజు మీకు ఎవరూ చెప్పలేదు.

మిల్ ఆ తరువాత సూత్రాన్ని వదల్లేదు. 1861లో దాన్ని సమర్థిస్తూ ఒక పత్రికలో వ్యాసాలు రాశాడు, 1863లో అవి పుస్తకమయ్యాయి. కానీ ఒక సంగతి నేర్చుకున్నాడు. సంతోషాన్నే గురిచేసుకుని వెంటపడితే అది దొరకదు, మనసును వేరే పని మీద నిలిపినవాళ్లకే అది దారిలో తారసపడుతుంది. అందుకని మీ ప్రశ్నలో ఒక మాట మార్చమంటాను. "నా సంతోషం నేను కోరుకోవడం" అన్నారు. మీ ఉత్తరం మళ్లీ చదువుకోండి, మీరు కోరుకున్నది ఆ పిల్లలకు పాఠం చెప్పడం. మూడేళ్లు ఆదివారాలు వదులుకుని ఒక పని నేర్చుకున్న మనిషిని స్వార్థపరురాలు అనడానికి నాకు నోరు రాదు.

నాన్నగారి విదురనీతికి కూడా జవాబు చెప్పాలి, ఆయన దాన్ని మనస్ఫూర్తిగానే అని ఉంటారు. కులం కోసం ఒకరిని, ఊరి కోసం కులాన్ని, దేశం కోసం ఊరిని వదులుకోవాలన్నది నిజమే. కులం అంటే అక్కడ వంశం. సభాపర్వంలో జూదం నడుస్తుండగా విదురుడు ఆ మాట ధృతరాష్ట్రుడితో అన్నాడు. వదులుకోమన్నది దుర్యోధనుడిని, అంటే వంశాన్ని నాశనానికి ఈడ్చుకుపోతున్నవాడిని. వంశానికి అన్నం పెడుతున్నవాళ్లను వదులుకోమని ఆయన ఎక్కడా అనలేదు. పైగా ఆ శ్లోకానికి నాలుగో పాదం ఉంది: ఆత్మ కోసం భూమినే విడిచిపెట్టాలి. మూడు పాదాలు చిన్నదాన్ని పెద్దదాని కోసం వదలమంటూ పోయి, నాలుగో పాదం దగ్గర ఆ లెక్క తలకిందులవుతుంది. దాన్ని ఎవరికి తోచినట్టు వాళ్లు చేసుకోవడానికి అనుమతిగా నేను చదవను, ఆత్మ అన్న మాట అంత తేలికైనది కాదు. కానీ పెద్దలు ఆ పాదాన్ని వదిలేసి మూడే చెబుతుంటే వినలేను.

ఇక చేయవలసింది. మీరు లెక్కలు చూసే మనిషి, కాగితం తీయండి. అప్పు 14 నెలలు, నెలకు 9 వేలు: 1,26,000. మందులు 24 నెలలు, నెలకు 3 వేలు: 72,000. రెండూ కలిపితే 1,98,000. చీటీ డబ్బు రెండు లక్షలు. ఇది చూసి నాకు ప్రాణం లేచివచ్చింది. ఆ చీటీ మీరు వేసినది, మీ జీతంలోంచి కట్టినది. దానితో అప్పు వాయిదాలు, మందులు రెండేళ్లకూ గట్టెక్కుతాయి. ఆ డబ్బును విడిగా ఒక ఖాతాలో వేసి, వాయిదా, మందుల దుకాణం బిల్లు అందులోంచే పోయేలా చేయండి. దాన్ని ఇంకే అవసరానికీ కదపనివ్వకండి.

మిగిలినది ఇంటి ఖర్చు 14 వేలు. అది మీ తమ్ముడు తేవాలి. డిగ్రీ చదివిన కుర్రవాడు ఉద్యోగం చేసుకుంటూ పరీక్ష రాయడం కష్టమే, కానీ అలా రాసేవాళ్లు వేలమంది ఉన్నారు. గది అద్దె ఆగిపోతుందన్న సంగతి చివరి రోజున చెప్పకండి, ఈ వారమే చెప్పండి. ఏ నెల నుంచి డబ్బు రాదో తేదీతో సహా చెప్పండి. సర్దుకోవడానికి అతనికి రెండు మూడు నెలల గడువు ఇవ్వడం న్యాయం. కోపగించుకుంటాడు. అతని కోపం కూడా ఒక బాధే, దాన్ని పద్దులో రాయండి, కానీ ఉన్నంత బరువుతోనే రాయండి. మీ ఫీజుకు, హాస్టలుకు మీరు వేరే దారి చూసుకోవాలి. సాయంత్రాలు రెండు మూడు చిన్న దుకాణాల జీఎస్టీ లెక్కలు విశాఖలో ఉండి కూడా చూడవచ్చు. అలసిపోతారు, అది నేను దాచను.

వచ్చే ఏడాది వెళ్లు, అప్పు తీరాక వెళ్లు అని ఎవరైనా అంటే ఒప్పుకోవద్దని నా సలహా. అప్పు తీరే దారి ఇప్పుడే ఉన్నప్పుడు వాయిదాకు కారణం లేదు. మా అక్కను కూడా "తమ్ముడి పరీక్షలు అయిపోయాక మళ్లీ చదువుకుందువులే" అన్నారు.

నాన్నగారు మాట్లాడకపోతే? మాట్లాడకపోవచ్చు. కొన్ని నెలలు అలాగే ఉండవచ్చు, అది మీకు చాలా నొప్పిగా ఉంటుంది. ఏ సూత్రమూ ఆ నొప్పిని తీసేయలేదు. మీరు మాత్రం వారానికోసారి ఫోను చేస్తూనే ఉండండి, ఆయన తీయకపోతే నానమ్మతో మాట్లాడండి, మాత్రలు ఎన్ని మిగిలాయో అడగండి. ఆయన గుండె డాక్టరు చీటీ నకలు ఒకటి మీ దగ్గర ఉంచుకోండి.

చేరడానికి ముందు ఒక ఆదివారం ఆయన్ను ఆ బడికి తీసుకెళ్లండి. వాదించడానికి కాదు. తరగతి గది వెనక ఒక కుర్చీ వేసి కూర్చోబెట్టండి. మీరు గుమ్మంలోకి రాగానే పిల్లలంతా నుదుటి దగ్గర వేలు పెట్టి తిప్పుతారు. అది మీ పేరని ఆయనకు చెప్పండి.